అరువు గొంతు

అత్లోన్,
ఐర్లండ్,
14 సెప్టెంబర్ 2024

మావయ్యకి ఆమని నమస్కారాలు.

ఫోన్ చేస్తే ఎత్తవు. ఎత్తినా అత్తయ్య చేత "బాగున్నామే" అనిపించి పెట్టించేస్తావు. పైగా "ఫోన్లో మాట గాలికి పోతుంది, ఉత్తరం రాయి, నీ తెలుగు తుప్పు పట్టకుండా ఉంటుంది" అని మెసేజి ఒకటి. సరే, మేనకోడలి మాట విన్న మావయ్యలు ఎక్కడా లేరు కాబట్టి నేనే వింటున్నాను. పెన్ను పట్టుకుని ఎన్నేళ్ళయిందో. మొదటి కాగితం చించేశాను, ఇది రెండోది.

మేం కొత్త అద్దింట్లోకి మారాం. నీ అల్లుడు విశాల్ వారానికి రెండు రోజులు రైల్లో డబ్లిన్ వెళ్ళి, అక్కణ్ణుంచి లువాస్ ట్రాము ఎక్కి లెపర్డ్స్‌టౌన్ ఆఫీసుకి పోతాడు. నేను ఇక్కడే మందుల కంపెనీలో. మా నిఖిలకి ఇక్కడి బడి అలవాటై దేనికైనా ఒకటే మాట, "గ్రాండ్". పప్పు ఎలా ఉందే అన్నా గ్రాండే, జ్వరం ఎలా ఉందే అన్నా గ్రాండే.

అసలు సంగతికొస్తాను. మా పక్కింట్లో ఒక సినిమా నటుడున్నారు! కంగారుపడకు, హీరో కాదు. పేరు లూబోష్ కుబాత్, చెక్ దేశం. ఎనభై దాటాయి. భార్య పోయాక ఇక్కడ నర్సుగా చేస్తున్న కూతురి దగ్గరికొచ్చి ఉండిపోయారు. మేం దిగిన రోజున ఆపిల్ కేకు తెచ్చిచ్చారు. గిన్నె ఖాళీగా తిరిగివ్వకూడదు కదా, పులిహోర పెట్టిచ్చాను. మర్నాడు గిన్నె కడిగి తెచ్చి, "ఇందులో పప్పు గింజలు నా కట్టుడుపళ్ళకి పరీక్ష పెట్టాయి. అయినా నేనే గెలిచాను" అన్నారు.

సినిమాల్లో ముప్ఫై ఏళ్ళు ఉన్నారట. వేసిన వేషాలు చెప్పమంటావా? హోటల్లో సర్వరు, ట్రాములో కండక్టరు, పోస్టుమాను, హీరోని లోపలికి రానివ్వని గేటు మనిషి, పెళ్ళిలో అకార్డియన్ వాయించే బంధువు. ఒకసారి శవం కూడా వేశారు. "రెండు రోజుల పని, మంచి భోజనం. అంత సుఖమైన పాత్ర మళ్ళీ దొరకలేదు" అని చెప్పి తనే నవ్వారు. పోస్టరు మీద పేరు ఎప్పుడూ లేదు. టైటిల్స్‌లో కూడా ఎక్కువసార్లు "తదితరులు"లోనే కలిసిపోయారు. వింటుంటే నువ్వే గుర్తొచ్చావు. నువ్వు గొంతిచ్చిన సినిమాలు వందల్లో ఉంటాయి, నీ మొహం ఒక్కదాన్లోనూ లేదు.

ఆయన కండక్టరుగా ఒక తాగుబోతుని తిట్టే సీను వాట్సాప్‌లో పంపుతున్నాను. భాష రాకపోయినా పరవాలేదు, విను. ఏం గొంతు మావయ్యా, కంచులా మోగుతుంది!

అత్తయ్యని అడిగానని చెప్పు.

ఆమని


కృష్ణానగర్, హైదరాబాద్,
2 అక్టోబర్ 2024

చిరంజీవి ఆమనికి మావయ్య ఆశీస్సులు.

నీ ఉత్తరం చేరింది. అక్షరాలు కోడి గీకినట్టున్నాయి కానీ విషయం ఉంది. మీ అత్తయ్య రెండుసార్లు చదివించుకుంది.

ఆ సీను చూశాను. తిప్పి తిప్పి చూశాను. అమ్మడూ, ఆ గొంతు ఆయనది కాదు.

ఎలా తెలిసిందంటావా? మనిషి మాట్లాడే ముందు ఊపిరి తీసుకుంటాడు. భుజం కాస్త లేస్తుంది, మెడ నరం కదులుతుంది. మైకు ముందు నిలబడి నా జీవితమంతా నేను చూసింది ఆ ఊపిరినే. పెదాలు కలిసిన చోట ఒక "మ"నో "ప"నో పడేస్తే జనం నమ్మేస్తారు. ఊపిరి కలవకపోతే మాత్రం ఎందుకో తెలియకుండానే కుర్చీలో ఇబ్బందిగా కదులుతారు. మీ లూబోష్ గారు ఊపిరి తీసుకున్న చోట ఆ గొంతు ఆగలేదు. ఒకటి రెండు చోట్లే లే, మిగతాదంతా అతికినట్టుంది. ఆ గొంతిచ్చినవాడెవడో ఘటికుడు.

ఆయన్ని మాత్రం నిలదీయకు. నటుణ్ణి పట్టుకుని "ఇది మీ గొంతేనా" అనడం, భోజనానికి పిలిచినావిడని "ఇవి మీరే వండారా" అనడం లాంటిది.

నా సంగతే చెప్తాను. ఒకాయనకి పదిహేనేళ్ళు గొంతిచ్చాను. పేరెందుకులే. ఒక ఫంక్షన్లో ఎదురుపడితే నమస్కారం పెట్టాను. నన్ను క్యాటరింగు మనిషి అనుకుని ఖాళీ కాఫీ కప్పు చేతిలో పెట్టి, "థాంక్స్" అని వెళ్ళిపోయాడు. పదిహేనేళ్ళకి నాకు ముట్టిన థాంక్స్ అదొక్కటే, అదీ కప్పుకి. ఇంటికొచ్చి ఆయన గొంతుతోనే ఆ మాట అని చూపిస్తే మీ అత్తయ్య పడీ పడీ నవ్వింది. నాకు నవ్వు రాలేదు.

మేం బాగానే ఉన్నాం. నాకు కాస్త జలుబు, అంతే.

మావయ్య


అత్లోన్,
21 అక్టోబర్ 2024

మావయ్యా,

నువ్వు అడగొద్దన్నావు. నేను అడిగేశాను. కడుపులో దాచుకోవడం మన వంశంలో లేదు.

లూబోష్ గారు కోప్పడలేదు. టీ కప్పు కింద పెట్టి, చాలాసేపు నవ్వి, "మీ మావయ్యకి కళ్ళున్నాయి" అన్నారు. ఆయనది మొరావియాలో ఒక పల్లెట. మాటలో ఆ యాస. మీ మద్రాసు రోజుల్లో శ్రీకాకుళం మాట వింటే కొందరు నవ్వేవారని చెప్పేవాడివే, ఇదీ అలాంటిదే. మొదటి సినిమాలో ఆయన మాట విని ప్రాగ్ డైరెక్టరు తల పట్టుకుని, వేరే ఆయన చేత చెప్పించాడు. ఆ జోడీ బాగుందని తర్వాతి డైరెక్టర్లందరూ అదే గొంతు పెట్టేశారు. పంతొమ్మిదేళ్ళు, ఒకే మనిషి! విచిత్రమేమిటంటే ఇద్దరూ ఒక్కసారి కూడా కలుసుకోలేదట. ఈయన పని అయిపోయి ఇంకో ఊరు వెళ్ళాక ఆయన వచ్చి మైకు ముందు నిలబడేవాడు.

"మొదట కోపంగా ఉండేది. నా నోట్లో వేరేవాడి నాలుక ఏమిటని. తర్వాత తర్వాత ఆయన గొంతు వల్లే నాకు వేషాలొస్తున్నాయని తెలిసింది. మా అమ్మ చేసిన ప్లమ్ పళ్ళ బ్రాందీ సీసా పట్టుకుని థాంక్స్ చెబుదామని స్టూడియోకి వెళ్ళాను. అప్పటికి రెండు నెలల కిందటే ఆయన పోయారట" అన్నారు. ఆ సీసా ఇప్పటికీ ఆయన వంటింటి ప్రెస్సులో, అదే, అలమారలో, మూత తియ్యకుండా ఉంది. దేశం మారినా పారెయ్యలేదు.

ఇప్పుడు నీకో పని. ఆయన చివరి సినిమాల్లో ఒకటుంది, దాన్లో తండ్రి వేషం. కూతుర్ని రైలెక్కించే సీను. ఆయనకి దొరికిన వేషాల్లో ఇదే పెద్దది, రెండు నిమిషాలు. గొంతిచ్చే ఆయన అప్పటికి లేడు కాబట్టి ఎవరో కుర్రవాడు చెప్పాడు. ఎండిన రొట్టె నమిలినట్టుంది. లూబోష్ గారికి చూపు తగ్గుతోంది మావయ్యా. డాక్టరు దాచకుండా చెప్పేశారట. "చూపుండగా ఆ సీను నా మొహానికి తగిన గొంతుతో ఒక్కసారి చూడాలి. ఏ భాషైనా పరవాలేదు. మీ మావయ్య చెప్తారా?" అని అడిగారు.

నేను నీ తరఫున ఒప్పేసుకున్నాను.

ఆమని


కృష్ణానగర్,
5 నవంబర్ 2024

ఆమనికి,

ఒప్పుకునే ముందు నన్నడగాలి. నేను రిటైరయ్యాను. డబ్బింగ్ థియేటర్ల అద్దెలు ఎలా ఉన్నాయో నీకు తెలియదు. గొంతుకి పదును పోయింది. వేరే ఎవరినైనా చూసుకోమని చెప్పు. ఆయనకి నా నమస్కారాలు.

మావయ్య

ఆ తండ్రి రైల్వే స్టేషన్లో ఏమంటాడు? ఊరికే అడిగాను.


అత్లోన్,
16 నవంబర్ 2024

మావయ్యా,

నీ ఉత్తరం చదివి నొచ్చుకున్నాను. కింద రాసిన ఆ ఒక్క వాక్యం చూసి మళ్ళీ నవ్వుకున్నాను. ఊరికే అడిగావా? అయితే ఊరికే చెప్తాను.

కూతురు ఫ్యాక్టరీ పనికి పట్నం వెళ్తోంది. తండ్రి పెట్టె మోసుకొచ్చాడు. ఇదీ మాట: "వేళకి తిను. కిటికీ సీటు ఎవరికీ ఇవ్వకు, అడిగినా సరే. అవసరమైతే ఉత్తరం రాయి. అవసరం లేకపోయినా రాయి. మీ అమ్మ అడుగుతుంది." ఆ "అమ్మ" దగ్గర టోపీ తీసి మళ్ళీ పెట్టుకుంటాడు. నిజానికి ఉత్తరం కావలసింది అమ్మకి కాదని మనకి తెలుస్తూనే ఉంటుంది.

సీను పంపాను. అత్తయ్యకి ఫోన్ చేస్తే గొంతు అదోలా ఉంది. ఉల్లిపాయలు కోస్తున్నానంది. పొద్దున్నే ఆరింటికి ఏం కూరమ్మా అది?

ఆమని


కృష్ణానగర్,
9 డిసెంబర్ 2024

చిరంజీవి ఆమనికి,

నువ్వు గెలిచావు. రికార్డు చేసి పంపాను, ఈపాటికి చూసే ఉంటావు.

మన యుగంధర్ తెలుసుగా, నా దగ్గర పని నేర్చుకున్నవాడు. ఇప్పుడు వాడికే చిన్న థియేటరుంది. అద్దె మాటెత్తితే కాళ్ళ మీద పడినంత పని చేశాడు. పొద్దున వెళ్ళినవాణ్ణి మధ్యాహ్నం దాకా అక్కడే ఉన్నాను. ముందు మాట లేకుండా ఆయన ఊపిరి పట్టుకున్నాను. ఎక్కడ తీస్తున్నాడు, ఎక్కడ బిగబడుతున్నాడు, ఎక్కడ వదిలేస్తున్నాడు. అది నా ఛాతీలోకి వచ్చాక మాటలు వాటంతటవే కూర్చున్నాయి. "కిటికీ సీటు" దగ్గర ఆయన పెదాలు కలుస్తాయి, మన మాటలో కలవవు. అందుకని "అమ్మాయ్, కిటికీ సీటు" అన్నాను. చెక్ తండ్రి కాస్తా గోదావరి తండ్రి అయిపోయాడు.

మీ లూబోష్ గారు పెద్ద నటుడమ్మా. ఆ టోపీ తీసి పెట్టుకోవడం ఎవరూ నేర్పేది కాదు. ఇన్నేళ్ళలో ఇంత మంచి మొహం నా గొంతుకి దొరకలేదు. చివరికి దొరికింది, దేవుడికి దణ్ణం పెట్టుకున్నాను.

మావయ్య


అత్లోన్,
15 డిసెంబర్ 2024

మావయ్యా,

ఇవాళ మధ్యాహ్నం లూబోష్ గారి వంటింట్లో చూశాం. బయట ఎడతెగని వాన. ఆయన టీవీకి జానెడు దూరంలో కుర్చీ వేసుకున్నారు. "అమ్మాయ్" అని నీ గొంతు రాగానే కుర్చీ చేతులు గట్టిగా పట్టుకున్నారు. నాకైతే ఏడుపాగలేదు. రైలెక్కేది నేనే అనిపించింది.

అయిపోయాక మళ్ళీ పెట్టమన్నారు. ఈసారి కళ్ళు మూసుకుని విన్నారు. తర్వాత నా చెయ్యి పట్టుకుని, "మీ మావయ్యకి ఒంట్లో బాగా లేదా?" అన్నారు.

జలుబు అన్నాను. ఆయన తల అడ్డంగా ఊపారు. "పంతొమ్మిదేళ్ళు తెర ముందు కూర్చుని నేను విన్నది వేరే మనిషి ఊపిరినే. మీ మావయ్య నా ఊపిరి దగ్గర సరిగ్గా ఆగారు. కానీ 'అవసరం లేకపోయినా' అన్న చోట నేను ఊపిరి తియ్యలేదు, ఆయన తీశారు. దాన్ని కప్పెయ్యడానికి గొంతు తగ్గించారు. ఇంత పనితనం ఉన్న మనిషి అక్కడ ఊపిరి తీశారంటే, తియ్యక తప్పలేదన్నమాట."

మావయ్యా, ఫోన్ ఎందుకు ఎత్తవు? ఉత్తరాలు రాయమన్నది నా తెలుగు కోసమేనా? అత్తయ్య పొద్దున్నే ఉల్లిపాయలు ఎందుకు కోస్తోంది? ఇది పోస్టులో వెయ్యడం లేదు, ఫొటో తీసి వాట్సాప్‌లో పంపుతున్నాను. నిజం చెప్పు. లేకపోతే టికెట్టు కొనుక్కుని వచ్చేస్తాను.

ఆమని


కృష్ణానగర్,
18 డిసెంబర్ 2024

ఆమనికి,

నేనూ ఫొటో తీసే పంపుతున్నాను.

ముసలాయన పట్టేశాడు. నేను ఆయన్ని పట్టుకున్నాను, ఆయన నన్ను పట్టుకున్నాడు. చెల్లుకు చెల్లు.

వేసవి నుంచీ గొంతు బొంగురు. పరీక్షలు చేస్తే స్వరపేటికలో గడ్డ ఉందన్నారు, మంచిది కాదన్నారు. మొత్తం తీసేస్తే బతుకుతానట. తీసేస్తే మాట ఉండదు. జనవరి దాటనివ్వొద్దని డాక్టరు గట్టిగా చెప్పాడు. రెండుసార్లు తేదీ ఇచ్చారు, రెండుసార్లూ నేను వెళ్ళలేదు. మీ అత్తయ్య నా మీద అలిగింది, తర్వాత బతిమాలింది, ఇప్పుడు ఊరుకుంది. నీకు చెప్పొద్దని ఒట్టు వేయించుకున్నది నేనే, దాన్నేమీ అనకు.

నా బాధ కూడా విను. నాకు మొహం లేదు ఆమనీ. వీధిలో ఎవరూ గుర్తుపట్టరు. కూరగాయల బండి దగ్గర నోరు తెరిస్తే మాత్రం, "ఈ గొంతు ఎక్కడో విన్నాం సార్" అంటారు. నాకున్నది అదొక్కటే. అది కోసి పళ్ళెంలో పెట్టాక మంచం మీద మిగిలేవాడు ఎవడు? వాడితో నాకు పరిచయం లేదు. గొంతుతోనే పోతే పోయానని మొండికేశాను. భయమేసిందమ్మా. ఇన్ని నెలలూ చెప్పనిది అదే.

ఆయన సీనుకి నా గొంతు ఉపయోగపడింది. అది చాలనుకున్నాను.

మావయ్య


అత్లోన్,
20 డిసెంబర్ 2024

మావయ్యా,

నిన్ను తిడుతూ రాసింది చించేశాను. నీ ఉత్తరం లూబోష్ గారికి చదివి చెప్పాను, కోప్పడితే పడు. ఆయన చెబుతూ ఉంటే నేను తెలుగులో రాసుకున్నాను. ఇక్కణ్ణుంచి మాటలన్నీ ఆయనవి.

"హనుమత్ప్రసాద్ గారికి, లూబోష్ నమస్కారాలు.

మీరు నా మొహానికి చేసిన మేలుకి థాంక్స్. మీ భాష నాకు రాదు. కానీ ఆ తండ్రి అబద్ధం ఆడుతున్నాడని, ఉత్తరం కోసం ఎదురుచూసేది తనేనని మీ గొంతులో తెలిసిపోయింది. నేను చేసింది అదే. ముందు చెప్పిన కుర్రవాడికి అది తెలియలేదు.

మీ గొంతు పోతే మీరెవరని అడిగారట. నాకు తెలిసింది చెప్తాను. నాకు పంతొమ్మిదేళ్ళు సొంత గొంతు లేదు. మొదటి సినిమా మా ఊరి హాల్లో ఆడినప్పుడు సిగ్గుతో వెనక వరసలో కూర్చున్నాను. మా అమ్మ బయటికొచ్చి, 'గొంతు నీది కాదురా. కానీ అబద్ధం చెప్పేటప్పుడు ముక్కు గోక్కునేది మాత్రం నువ్వే' అంది. ఆవిడ నన్ను పోల్చుకోవడానికి గొంతు అక్కర్లేకపోయింది.

తర్వాత నేను నాకు గొంతిచ్చే ఆ పెద్దమనిషి కోసం చోటు వదిలి నటించడం నేర్చుకున్నాను. ఇక్కడ ఆయన గట్టిగా అంటాడు, కాబట్టి నేను చెయ్యి ఎత్తకూడదు అని ముందే అనుకునేవాణ్ణి. నా పనిలో మంచిదంతా ఆ అరువు గొంతుతో చేసిందే. నేనేమీ తగ్గిపోలేదు. మీరు ఎంతమందికి గొంతు అరువిచ్చారో లెక్కలేదు కదా, వాళ్ళలో ఒక్కడినైనా చిన్నచూపు చూశారా? చూసి ఉండరు. చూసినవాడు అంత బాగా చెప్పలేడు. మరి మిమ్మల్ని మీరు ఎందుకు చిన్నచూపు చూస్తున్నారు?

ఆ పెద్దమనిషికి థాంక్స్ చెప్పడానికి నేను ఆలస్యంగా వెళ్ళాను. మీ విషయంలో కూడా అలా కానివ్వకండి. సీసా ఇంకా ఉంది. నేను ముసలివాణ్ణి, ఎక్కువ కాలం ఎదురుచూడలేను. డాక్టరు దగ్గరికి వెళ్ళండి."

ఇదీ ఆయన ఉత్తరం. నాది ఒక్కటే మాట. వెళ్ళు మావయ్యా.

ఆమని


కృష్ణానగర్,
23 మార్చి 2025

చిరంజీవి ఆమనికి మావయ్య ఆశీస్సులు.

జనవరిలో నువ్వు వచ్చి ఆసుపత్రిలో నా పక్కన ఉన్న రోజులు నాకు సరిగ్గా గుర్తులేవు. మత్తులో ఉన్నానట. పలక మీద మొదట రాసింది "కాఫీ" అని మీ అత్తయ్య ఊరంతా చాటింది.

ఇప్పుడు తేరుకున్నాను. మెడలో చిన్న రంధ్రం, దాన్లోంచే ఊపిరి. ఊపిరి మీద ఇన్నేళ్ళు ఉపన్యాసాలిచ్చినవాణ్ణి, దేవుడు దాన్ని బయటికి తీసి అందరికీ కనపడేలా పెట్టాడు. మొన్న స్కాన్ చూసి డాక్టరు భుజం తట్టాడు. గడ్డ జాడ లేదు. కాళ్ళకి దణ్ణం పెట్టబోతే వెనక్కి దూకాడు. నర్సు ఎస్తేరమ్మ రోజూ గొట్టం శుభ్రం చేస్తూ, నేను నోరు కదిపితే చాలు అర్థం చేసుకునేది. యుగంధర్ ఆ రైలు సీను తెచ్చి వార్డులో అందరికీ వేసి చూపించాడు. పక్క మంచం ఆయన చూసి, "ఈ ఫారిన్ ఆయన తెలుగు భలే మాట్లాడుతున్నాడండీ" అన్నాడు. జీవితంలో అంతకంటే పెద్ద అవార్డు నాకేం కావాలి?

ఇంతమందికి నేను రుణపడి ఉన్నాను. అందరికంటే ఎక్కువ, నేను కలవని ఒక మనిషికి. లూబోష్ గారికి చూపు ఇంకాస్త తగ్గిందని రాశావు. ఉత్తరం ఆయన చదువుకోలేరు, నువ్వు చదివితే అది నీ గొంతవుతుంది. అందుకని వచ్చే ఆదివారం మీ మధ్యాహ్నం వేళ ఫోన్ చెయ్యి, ఆయన్ని కూర్చోబెట్టు. నా మాటలు నేను రాసిస్తాను. మీ అత్తయ్య చెబుతుంది, నువ్వు ఆయనకి ఇంగ్లీషులో చెప్పు. వీడియో ఉంటుంది కాబట్టి నా మొహం ఆయనకి మసకగానైనా కనపడుతుంది. నా మొహం తెర మీద పడటం ఇదే మొదటిసారి. షేవింగ్ చేసుకుంటాను.

ఒకటే ఇబ్బంది. నలభై ఏళ్ళ కాపురంలో మీ అత్తయ్యని మాట్లాడనివ్వనేలేదని ఇప్పుడు తెలుస్తోంది. నేను మూడు మాటలు రాసిస్తే ముప్ఫై చెబుతోంది. నిన్న పాలబ్బాయికి "నీళ్ళు తగ్గించు" అని రాసిచ్చాను. వాళ్ళ తాతల దగ్గర్నుంచీ మొదలుపెట్టింది. ఇలాంటి ఆర్టిస్టుతో పెదాలకీ మాటకీ సింకు ఎలా కలుస్తుందో ఏమో. లూబోష్ గారు నాకిస్తానన్న సీసా నువ్వు మేలో తెచ్చేటప్పుడు జాగ్రత్త. ఆయన తాగమన్నాడని చెబితే డాక్టరు ఒప్పుకోడు, కళ్ళకద్దుకుని దణ్ణం పెట్టుకుంటాను.

మావయ్య

ఆమనీ, నేను అత్తయ్యని. ఆయన స్నానానికి వెళ్ళారు, ఈలోగా నాలుగు ముక్కలు రాస్తున్నాను. మీ లూబోష్ గారికి నేను విడిగా చెప్పాల్సింది ఉంది, ఆయన పుణ్యమా అని నాకు నా మనిషి దక్కాడు. ఆదివారం కోసం మీ మావయ్య పొద్దున్నించీ నాతో రిహార్సల్సు చేయిస్తున్నారు. ఇక్కడ ఆగు, అక్కడ ఊపిరి తియ్యి, "థాంక్స్" అనేటప్పుడు తొందరపడకు అని పలక మీద రాయడం, నేను తప్పితే బల్ల మీద కొట్టడం. ఇందాక విసుగొచ్చి చెప్పేశాను. "నా ఊపిరి సంగతి నేను చూసుకుంటాను. మీరు పెదాలు కదపండి, చాలు."